ఎర్ర మచ్చ చల్లగా ఉంది

గురుడంటే పసుపు. మా కర్నూలు వైపు గురువారాలు నవగ్రహాల దగ్గర శనగల దండ వేసి, పసుపు గుడ్డ కప్పి మొక్కుకుంటూ పెరిగినదాన్ని. ఆకాశంలో ఉన్న గురుడు కూడా ఆ రంగులోనే ఉంటాడనుకున్నాను. అసలు రంగుల గురుడిని నేను చూసింది హైటెక్ సిటీలో, మా ఆఫీసులో, గోడంత స్క్రీన్ మీద. అబ్బ, ఏం రంగులవి! మీగడ తెలుపు పట్టీలు, ఇటుక రంగు పట్టీలు, టీ డికాషన్ రంగు పట్టీలు, మధ్యమధ్యలో బూడిద నీలం మరకలు, కిందివైపు కోడిగుడ్డు ఆకారంలో పెద్ద ఎర్ర మచ్చ. మన భూమి మొత్తం ఆ మచ్చలో పట్టేస్తుందట! ఆ రోజు మధ్యాహ్నం టిఫిన్ డబ్బా తెరవడమే మర్చిపోయాను.

ఆ స్క్రీన్ పని నా చేతికి రావడమే గొప్ప. పాప పుట్టాక ఆరేళ్లు ఇంట్లో ఉండిపోయి మళ్లీ ఉద్యోగంలో చేరాను. చేరాను అనడం కూడా ఎక్కువే, మూడు నెలల కాంట్రాక్టు. పిల్లల కోసం కొత్తగా పెడుతున్న సైన్స్ కేంద్రం వాళ్లు మా కంపెనీని ఒకటి అడిగారు: గురుగ్రహం బొమ్మ మీద ఎక్కడ చెయ్యి పెడితే అక్కడి ఉష్ణోగ్రత కనబడాలి. డెమో వాళ్లకు నచ్చితే నేను పర్మనెంటు. నచ్చకపోతే మళ్లీ గోపన్‌పల్లి ఫ్లాటు, కుక్కరు విజిల్సు. మా టీమ్ లీడ్ ఈ ముక్క మొదటిరోజే చెప్పేశాడు. లింగంపల్లి అబ్బాయి, నాకంటే చిన్నవాడు, నన్ను అక్కా అంటాడు.

మా టీమ్ రోజూ చేసే పని, పెద్ద కంప్యూటర్లుండే సర్వర్ గదుల్లో వేడి ఎంతుందో చూపించే స్క్రీన్లు తయారుచేయడం. ఎరుపు కనిపిస్తే వేడి, లేచి పరిగెత్తాలి. నీలం కనిపిస్తే చల్లన, టీ తాగొచ్చు. ఏళ్ల తరబడి మా కళ్లకు అదే అలవాటు. అందుకని అసలు కొలతలు రాకముందు ఉత్తుత్తి అంకెలతో బొమ్మ సిద్ధం చేసినప్పుడు, ఎర్ర మచ్చకు అన్నిటికంటే ఎక్కువ వేడి ఇచ్చేశాం. ఒక్కరికీ సందేహం రాలేదు. ఎర్రగా ఉందిగా మరి!

డెమో రోజు పొద్దున అసలు కొలతలు ఎక్కించి, వేడిని చూపించే బొమ్మ తెరిచాను. ఎర్ర మచ్చ ముదురు నీలమైపోయింది. బూడిద నీలం మరకలేమో ఎర్రగా భగభగమంటున్నాయి.

మా లీడ్ వచ్చి నెత్తిన చెయ్యి పెట్టుకున్నాడు. "ఏందక్కా, గిట్లయింది? అంతా ఉల్టా వచ్చింది! యాడనో మైనస్ తిరగబడ్డట్టుంది. జర ఆ రంగుల స్కేలు తిప్పెయ్యి, అయిపోతది. సైన్స్ కేంద్రం మేడమ్ పన్నెండింటికి వస్తది."

మా దగ్గర ఇది మామూలే. బొమ్మ ఉల్టా వస్తే స్కేలు తిప్పేస్తాం, ఒక్క వరుస కోడ్. నా వేలు కీబోర్డు మీదికి పోనే పోయింది. నొక్కేముందు కళ్లు అంకెల మీద పడ్డాయి. మచ్చ దగ్గర మైనస్ వంద కంటే కింద. నిజంగా మైనసే తిరగబడి ఉంటే, సరిచేశాక అవి ప్లస్ వంద దాటాలి. సూర్యుడికి అంత దూరంలో ఉన్న మేఘాలు సలసల కాగుతున్నాయా? నా మొహం!

"ఉండు సామీ, ఒక్క నిమిషం" అని, కొలతలతో పాటు వచ్చిన వివరణ తెరిచి చదివాను. అక్కడ వేడి లోపలినుంచి, గురుడి కడుపులోంచి పైకి వస్తుంది. తెల్ల పట్టీలూ ఎర్ర మచ్చా బాగా ఎత్తున ఉన్న మేఘాలు, అందుకే గడ్డకట్టే చలి. బూడిద నీలం మరకలు మేఘాల మధ్య సందులు. మూత కాస్త జరిగిన అన్నం గిన్నెలో సందు దగ్గరే కదా చెయ్యి కాలేది! వేడి అన్నా మన ఫ్రీజరంత చలే, కానీ చుట్టూ ఉన్న చలితో పోలిస్తే అదే కొలిమి. మచ్చ ఎరుపు మంట వల్ల రాలేదు, పైన ఎండ తగిలి ఏవో రసాయనాలు రంగు తిరిగి ఉండొచ్చంటున్నారు.

"ఒరేయ్, ఇది బగ్ కాదు! ఇది నిజం!" అని ఫ్లోరంతా వినబడేలా అరిచాను. లీడ్‌ను ఒరేయ్ అన్నానని కూడా తర్వాతే తెలిసింది. అతను నవ్వలేదు. "నాకైతే పరేషానైతుందక్కా. మేడమ్ ఒప్పుకోకపోతే?" అన్నాడు.

ఆవిడ పన్నెండింటికి వచ్చింది, ఒప్పుకోలేదు. కాకినాడ వైపు మనిషి, మర్యాదగా మాట్లాడుతుంది. నేను చెప్పిందంతా విని తల ఊపి, "అర్థమైందండి. కానీ ప్రారంభం రోజు వచ్చినవాళ్లు తప్పు చేశారంటారండి. మచ్చని ఎరుపు చేసేయండి, ఎవరు చూడొచ్చారు?" అంది.

లీడ్ నా వైపు చూశాడు. ఊ అంటే ఉద్యోగం నాది.

"మార్చనండి" అన్నాను. "పిల్లలు నిజం గురుడి మీదే చెయ్యి పెడుతున్నామనుకుంటారండి."

అయిపోయింది, పర్మనెంటూ లేదు పాడూ లేదు అనుకున్నాను. అప్పుడు మా లీడ్ గొంతు సవరించుకుని, "మేడమ్, మీరు జర ఒక్కసారి చెయ్యి పెట్టి చూడండి" అన్నాడు.

ఆవిడ అయిష్టంగానే లేచి వెళ్లి మచ్చ మీద అరచెయ్యి ఆనించింది. వేళ్ల పక్కన మైనస్, దాని వెనకాల మూడంకెలు వెలిగాయి.

"అమ్మ బాబోయ్!" అని చెయ్యి వెనక్కి లాక్కుంది.

ఆ స్క్రీన్ అద్దం మా గది కంటే చల్లగా ఏమీ లేదు. ఆవిడ మాత్రం అరచేతిని చీర కొంగుకు రుద్దుకుంటూ, బొమ్మ మీంచి కళ్లు తిప్పకుండా, "ఇలాగే ఉండనివ్వండి" అంది.