మొగ గురించి నేను చెప్పిన అబద్ధం

సహోదరులారా, ప్రభువు పేరిట మీ అందరికీ వందనాలు. నా పేరు దానియేలు, బందరు దగ్గర గిలకలదిండి రేవులో ఇరవై ఏళ్లుగా బోటు నడుపుతున్నాను, ఈ సంఘంలో నన్ను ఎరగనివారు తక్కువే గానీ నేను చెప్పబోయే సంగతి పూర్తిగా ఎరిగినవారు కొద్దిమందే.

మన రేవు నుంచి సముద్రంలోకి వెళ్లే దారిని మొగ అంటాం కదా, అక్కడ ఇసుక మేట వేసి నీళ్లు పల్చగా ఉంటాయి, పైగా ఆ మేట ఒకచోట నిలవదు, పోయిన వారం లోతుగా ఉన్నచోట ఈ వారం నడుము లోతు కూడా ఉండదు. అందుకే పోటు వచ్చి నీళ్లు పెరిగేదాకా బయటే లంగరేసుకుని ఆగాలి, ముందు ఒకడు గెడ వేసి లోతు చూస్తుంటే మెల్లగా లోపలికి రావాలి. ఇదంతా నాకు తెలుసు. తెలిసి కూడా కొన్నేళ్ల కిందట ఒక రోజు ఆగలేదు, ఎందుకంటే నేను తాగి ఉన్నాను, మిగతా బోట్లకంటే ముందు రేవు చేరాలన్న పంతం కూడా ఉంది.

గెడ పట్టుకుని ముందు నిలబడింది నా బామ్మర్ది యోహాను. "బావా, నీళ్లు తీస్తున్నాయి, పోటు దాకా ఆగుదాం" అన్నాడు. నేను వినకుండా ఇంజను వేగం పెంచాను. బోటు అడుగు ఇసుకకు తగిలి ఆగిపోయింది, పక్కనుంచి అల కొట్టి ఒరిగింది, యోహాను నీళ్లలో పడ్డాడు, బోటు అంచు కింద అతని కుడికాలు నలిగిపోయింది. వెనక వచ్చినవాళ్లు మమ్మల్ని బయటికి తీశారు. కాలు మిగిలింది గానీ ఇప్పటికీ మోకాలు వంగదు.

ఒడ్డుకు రాగానే ఏమైందని అందరూ అడిగారు. మొగలో ఇంజను ఆగిపోయిందని చెప్పాను. ఆ ఇంజనును మూడు రోజుల ముందే బాగుచేసింది మెకానిక్ సుబ్బారావు గారు. తన పని సరిగ్గానే చేశానని ఆయన ఎంత చెప్పినా ఎవరూ నమ్మలేదు, ఒక్కొక్కరే ఆయనకు పని ఇవ్వడం మానేశారు, చివరికి రేవులో షెడ్డు మూసేసి గుడివాడ వెళ్లి వేరేవాళ్ల దుకాణంలో ట్రాక్టర్లు బాగుచేసే పనికి కుదిరారు. నేను చూస్తూ ఊరుకున్నాను.

ఆ తర్వాత తాగుడు ఇంకా పెరిగింది, పొద్దున్నే తాగందే రేవుకు వెళ్లేవాణ్ణి కాదు. మా ఆవిడ మరియమ్మ నాతో పోట్లాడటం కూడా మానేసింది. ఒక ఆదివారం పాస్టరు గారు ప్రభువు బల్ల రొట్టె ఇస్తూ నా ముందుకు వచ్చినప్పుడు నాకు చెయ్యి చాపబుద్ధి కాలేదు, లేచి మందిరం వెనక్కి వెళ్లి మోకరించాను. "ప్రభువా, తాగుడు మాన్పించమని ఏడాదిగా అడుగుతున్నాను, అబద్ధం సంగతి మాత్రం నీ దగ్గర ఎత్తడం లేదు. ఇదిగో చెప్తున్నాను, ఇంజను ఆగలేదు, నేనే ఆగలేదు" అన్నాను.

అట్నుంచి అటే యోహాను ఇంటికి వెళ్లి చెప్పాను. అతను, "నాకు తెలుసు బావా, ఇంజను శబ్దం వింటూనే పడ్డాను. మా అక్క మొహం చూసి ఊరుకున్నాను. నా సంగతి అలా ఉంచు, నువ్వు సుబ్బారావు గారి దగ్గరికి వెళ్లు" అన్నాడు.

మర్నాడు గుడివాడ బస్సెక్కాను. ఆయన చేతులు తుడుచుకుంటూ అంతా విన్నారు, కోప్పడలేదు, కూర్చోమని కూడా అనలేదు. "నాతో చెప్తే ఏం లాభం దానియేలూ? నన్ను అన్నవాళ్ల ముందు చెప్పు" అన్నారు.

రేవులో అందరూ ఉన్న వేళ చూసి చెప్పాను. కొందరు తిట్టారు, తిట్టదగిన పనే చేశాను. మా బోటు ఓనరు గారు చుక్కాని తీసేసుకున్నారు, దేవుడు క్షమించాడని వెంటనే తిరిగి చేతికివ్వలేదు, ఏడాదిపాటు వలలు లాగే పనిలోనే ఉన్నాను. ఆ ఏడాదిలో రెండుసార్లు మళ్లీ తాగాను, రెండుసార్లూ పాస్టరు గారి దగ్గరికి వెళ్లి ఒప్పుకున్నాను, ఆ తర్వాత దేవుని కృపవల్ల ముట్టలేదు. సుబ్బారావు గారు తిరిగొచ్చి షెడ్డు తెరిచారు. నాతో ఇప్పటికీ ఎక్కువ మాట్లాడరు, అది ఆయన ఇష్టం.

ఇప్పుడు మళ్లీ బోటు నడుపుతున్నాను. నీళ్లు చాలకపోతే మొగ బయటే లంగరేస్తాను, వెనకవాళ్లు దాటిపోయినా కదలను, ఆ సమయంలో ప్రార్థన చేసుకుంటాను.

సహోదరులారా, తాగుడు గురించి, రోగం గురించి ప్రార్థించమని అడగడం మనకు తేలికే, మనవల్ల నష్టపోయిన మనిషి పేరు దేవుని ముందు పలకడమే కష్టం. మీలో ఎవరికైనా అలాంటి పేరు ఒకటి ఉంటే ఈ వేళ దేవునికి చెప్పండి, రేపు ఆ మనిషి ఇంటికి వెళ్లండి. ఆ రోజు గుడివాడ బస్సులో నేను ఒంటరిగా వెళ్లలేదు, మీరూ ఒంటరిగా వెళ్లరు. ఆ దేవునికే మహిమ.