గెలల చొక్కా

లోవలక్ష్మి చేసిన తప్పల్లా ఒక చొక్కా ఉతకడం. అది సాక్ష్యమైంది. ఆమె మొగుడు త్రిమూర్తులు ఏడేళ్లు రాజమండ్రి జైల్లో ఉన్నాడు.

రావులపాలెం చుట్టుపక్కల అరటిగెలలు కోసేవాళ్ల ఇళ్లలో ఒక చొక్కా విడిగా మేకుకు వేలాడుతూ ఉంటుంది. గెల నరికినప్పుడు కారే జిగురు బట్టకు అంటితే ఎండిన నెత్తురు రంగుకు తిరుగుతుంది. సబ్బు అరిగిపోవాలేగానీ ఆ మరక కదలదు. అందుకే ఆడవాళ్లు దాన్ని ఉతికే బట్టల్లో వెయ్యరు. చిరిగేదాకా తొడిగి పారేస్తారు. కాపురానికొచ్చిన పద్నాలుగేళ్లలో లోవలక్ష్మి ఆ చొక్కాకి నీళ్లు చూపించింది ఒక్కసారే.

ఆ పొద్దున్న కౌలురైతు పెద్దిరాజు తన తోటలోనే కత్తిగాట్లతో శవమై కనిపించాడు. ముందురోజే ఆయనకీ త్రిమూర్తులుకీ ముదరని గెలలు కోసిన విషయంలో మాటామాటా వచ్చింది, ఊరంతా విన్నది. కానిస్టేబులు వచ్చి త్రిమూర్తుల్ని మధ్యాహ్నం స్టేషనుకు రమ్మని చెప్పి వెళ్లాడు. ఉన్న ఒక్క మంచి చొక్కా పెళ్లికెళ్లిన మరిది తొడుక్కుపోయాడు. మరకల చొక్కాతో మొగుడు నలుగురిలో నిలబడితే పరువేం కాను? మరక పోకపోయినా మురికైనా వదుల్తుంది అనుకుని లోవలక్ష్మి గెలల చొక్కాని బండకేసి బాదింది. పక్కింటి సుబ్బాయమ్మ చూసింది. పోలీసులడిగితే చూసింది చూసినట్టు చెప్పింది. ఆవిణ్ణి తిట్టడానికీ లేదు, అబద్ధమాడితేగా!

లోవలక్ష్మి బోనెక్కి ఉన్నమాట చెప్పింది. గెలల చొక్కా ఎవరూ ఉతకరని నీకు తెలీదా అని ప్రభుత్వ లాయరు అడిగాడు. తెలుసండి అంది. అడుసు తొక్కనేల, కాలు కడగనేల అన్నాడాయన. కోర్టు హాల్లో జనం నవ్వారు. యావజ్జీవం పడింది.

ఆ తర్వాత ఆమె అరటి మార్కెట్లో గెలలు మోసింది. నెలకోసారి జైలుకెళ్లి అద్దానికి ఇవతల కూర్చునేది. ఇంటి కప్పు గురించి, గోదావరికి వచ్చిన వరద గురించి, అన్నీ మాట్లాడుకునేవారు. చొక్కా మాట మాత్రం ఇద్దరూ ఎత్తేవారు కాదు. నీవల్లే నాకీ గతి అంటాడేమోనని ఆమెకి ప్రాణం గిలగిల్లాడేది.

ఏడో ఏట ఉచిత న్యాయ సహాయం కింద అప్పీలు వాదించిన లాయరు హారతిగారు పిలిచి, హైకోర్టు శిక్ష కొట్టేసిందని చెప్పారు. తీర్పు చదివి వినిపించారు. హత్య చూసినవాడు లేడు. పోలీసులకు దొరికిన కత్తి లాంటివి ఊళ్లో ఇంటికొకటి ఉన్నాయి. ఇక చొక్కా మీద అసలు రక్తమే లేదని ల్యాబ్ రిపోర్టు ఇచ్చింది.

“ఆ కాగితం ఎప్పుడొచ్చిందండి?” అంది లోవలక్ష్మి.

“మొదటి నుంచీ ఫైల్లోనే ఉందమ్మా. నువ్వు ఉతకబట్టి రక్తం పోయిందని కింది కోర్టు అనుకుంది. మరక ఉండిపోయి రక్తం ఒక్కటే ఎలా పోయిందని హైకోర్టు అడిగింది.”

ఏడేళ్లు! ఆ ఒక్క ప్రశ్న అడగడానికి ఏడేళ్లు పట్టిందా! అనుకుంది లోవలక్ష్మి.

విడుదల రోజున కొత్త చొక్కా ఒకటి కవర్లో పెట్టుకుని జైలు గేటు దగ్గర నిలబడింది. త్రిమూర్తులు బయటికొచ్చాడు. జుట్టు సగం నెరిసింది. ఆటో ఎక్కి బస్టాండు వైపు బయల్దేరారు. దారిలో అతనే చొక్కా మాట ఎత్తాడు.

“నీకో మాట చెప్పాలని ఇన్నేళ్లూ అనుకుంటన్నా లోవా. అద్దం అవతల నుంచి చెప్పలేకపోయా. పెద్దిరాజుని నేనే నరికేశాననుకుని కూడా నన్ను కాపాడదామని చొక్కా ఉతికేవు. అది తల్చుకునే బతికాను లోపల.”

మొదట ఆమెకి అర్థం కాలేదు. అర్థమయ్యాక అతని వైపు తిరిగింది.

“నేనట్టా ఎప్పుడూ అనుకోలేదు మావా,” అంది. “నీ పరువు కోసం ఉతికాను. బోనెక్కి చెప్పాను. నువ్వక్కడే ఉన్నావు కదా.”

త్రిమూర్తులు ఆమె ముఖంలోకి చూశాడు.

“అది మన లాయరు నేర్పిన మాటనుకున్నానే,” అన్నాడు.

జడ్జిగారు నమ్మలేదు, సరే. జనం నవ్వారు, సరే. ఆ హాల్లో తన మాట నమ్మిన మనిషి ఒక్కడున్నాడనుకుని ఆమె ఏడేళ్లు గెలలు మోసింది. బస్టాండు వచ్చింది. కొత్త చొక్కా కవరు ఆమె ఒళ్లోనే ఉంది, ఇవ్వాలన్న సంగతే గుర్తు రాలేదు.