మామ పేరుతో తిరిగిన రెక్కల పురుగు

ఆ ఎండాకాలమంతా నాకు ఇంట్లో ఒకచోట కుదురుగా ఉండబుద్ధి కాలేదు. పొయ్యికాడ ఉంటే మనసు మూల గదిలో, మూల గదిలోకి పోతే మనసు వానమీద. ఆ గదిలో ఒక డ్రమ్ము. దాన్నిండా మా మామ విత్తనానికని ఎత్తిపెట్టిన పచ్చజొన్నలు. జమ్మలమడుగులో ఏ అంగట్లో అడిగినా ఆ రకం లేదంటారు. అవి పోతే పోయినట్లే.

ఏటా కల్లం అయినాంక మామే వాటికి పురుగు పట్టకుండా నీళ్లపొయ్యి బూడిద కలిపి, మూత బిగించి, వాన పడేదాకా ఎవర్నీ ముట్టనిచ్చేవాడు కాదు. ఈసారి జొన్నలు పోసినాడు, మూత పెట్టినాడు, బూడిద రేపు కలుపుదాంలే అన్యాడు. ఆ రేపు రాకముందే గుండె ఆగి పోయినాడు. దినాలు అయినాంక నేను బూడిద గిన్నె ఎత్తుకొని పోతే మా అత్త అడ్డం నిలబడింది.

"ఆయప్ప చేతులతో పెట్టిన మూత మే అది. తీయొద్దు."

గిన్నె తీస్కపోయి మళ్లా పొయ్యికాడ పెడితి.

కొన్నాళ్లకు, దీపం పెట్టే పొద్దుకు, ఒక రెక్కల పురుగు వచ్చి మామ ఫోటో మీద వాలింది. ఎండుగడ్డి రంగుది, వడ్లగింజంత. నేను చీపురు ఎత్తినా.

"కొట్టొద్దు మే! మీ మామ వచ్చినాడు," అనె అత్త.

దాంతో మాట్లాడను కూడా మొదలుపెట్టింది. పొద్దున ఏం తిన్నామో, పాలు పిండబోతే ఎనుము ఎట్ల తన్నిందో, అన్నీ చెప్తాండె. తర్వాత్తర్వాత ఇల్లంతా అవే. సంగటి చట్టిలో పడతాండాయి, చీరల మడతల్లో దూరతాండాయి. నాకు ఒళ్లు మండిపోతాండె. ఒక మామ ఇంతమంది మామలు ఎట్లయితాడు?

మా ఆయనకు కలమల్లకాడ కరెంటు ఫ్యాక్టరీలో షిఫ్టు డ్యూటీ. "పొద్దుటూరు నుంచి పురుగు చంపే మాత్రలు తెస్తా," అన్యాడు.

"మీ నాయన్ను చంపుతావేంరా?" అని అత్త ఏడిచె.

ఆయన చెప్పులేసుకొని డ్యూటీకి పాయె. నేను యాడికి పోను?

ఆ పురుగు యాన్నుంచి వస్తాందో నాకు తెలుసు. చెప్తే ఆమెకు మొగుడు రెండోసారి చచ్చినట్లయితాది. చెప్పకుంటే విత్తనం చస్తాది. నోటిదాకా వచ్చిన మాట మింగతా, ఇల్లంతా తిరగతా ఉంటి.

వాన పడింది. నేల పదును ఆరకముందే విత్తాల.

"అత్తా, ఇంక తీయాల్సిందే. నువ్వే తియ్యి," అన్యా.

ఆమే మూత ఎత్తింది. రెక్కల పురుగులు గుప్పున లేచి మా ఇద్దరి మొగాల మీద పడినాయి. చెయ్యి పెడితే జొన్నలు పొట్టు మాదిరి తేలిగ్గా ఉండాయి. గింజ గింజకూ గుండ్రంగా బొక్క. ఒకదాన్ని గోరుతో చిదిమితే లోపల తెల్లటి పురుగు మెదిలింది. అత్త ఆ గింజను తన అరచేతిలోకి తీసుకునింది. నా కోపమంతా యాడికి పాయెనో, ఏడుపొచ్చింది.

"మీ మామే తిన్యాడులే," అన్నది అత్త. "ఆయప్ప జొన్నలే గదా."

గింజలు నీళ్లలో పోస్తిమి. బొక్కవి పైకి తేలె, మంచివి అడుక్కు పాయె. అడుగున దొరికింది ఒక చాటెడు గూడా లేదు. ఆ కాసిన్నే చేని మూలన విత్తితిమి.

అవి పండి ఇంటికొచ్చిన పొద్దు అత్తే బూడిద గిన్నె పట్టుకొని వచ్చింది. డ్రమ్ము ముందర కూచోని తానే కలిపి, తానే మూత బిగించింది. దీపం పెట్టినాంక యాన్నుంచో ఒక రెక్కల పురుగు వచ్చి ఫోటో మీద వాలింది. నేను అత్త పక్క చూసినా.

"ఆడ కూచోనీ మే," అన్నది. "మూత మాత్రం తీయొద్దు. ఆయప్పే వచ్చి అడిగినా తీయొద్దు."