ఫ్రిజ్ వాళ్ళు చెప్పిన సారీ

'సారీ పిన్ని' అన్నది ఆమెకి అక్క కూతురు పెట్టిన పేరు. ఫ్రిజ్‌లూ వాషింగ్ మెషీన్లూ అమ్మే కంపెనీలో ఫిర్యాదుల ఫోన్లు ఎత్తడం ఆమె ఉద్యోగం. మాట్లాడుతుంటే ఎదురుగా తెర మీద ఒక గీత కదిలేది. గొంతులో జాలి తగ్గితే ఎరుపు, సరిపోతే పచ్చ. కొత్తవాళ్ళు ఆ గీతను చూసి బెదిరిపోయేవారు. ఆమె మాత్రం తొందరగానే కిటుకు పట్టేసింది. "అయ్యో" అని ఒక్క క్షణం ఆగాలి. గొంతు దించి, "మీ ఇబ్బంది నాకు అర్థమైందండీ" అనాలి. తిట్టడానికి ఫోన్ చేసినవాళ్ళు ఇంటి సంగతులు కూడా చెప్పుకుని పెట్టేసేవారు.

చివరికి కంపెనీ ఆ గొంతునే కొనుక్కుంది. ఇకపై ఫోన్లు ఎత్తేది యంత్రం, మాట్లాడేది ఈమె గొంతు. మురిసిపోయి సంతకం పెట్టింది.

రికార్డింగ్ రోజే బావకి గుండె ఆపరేషన్.

"నువ్వు పక్కనుంటే చాలే" అంది అక్క.

"మధ్యాహ్నానికల్లా వచ్చేస్తాగా."

అద్దాల గదిలో ఆ "అయ్యో"ని కోపంగా ఉన్నవాళ్ళకొకలా, ముసలివాళ్ళకొకలా చెప్పించారు. ఫోన్ బయటే పెట్టించారు. ఆమె బయటికొచ్చేసరికి బావ పోయాడు. ఆ కబురు విన్నప్పుడు అక్క పక్కన ఎవరూ లేరు.

అక్క ఆమెతో మాటలు మానేసింది. ఏడాది తిరిగాక ఈమే వెళ్ళింది. ఫ్రిజ్ కింద కారుతున్న నీళ్ళ మీద అక్క పాత తువ్వాలు పరుస్తోంది. తలెత్తలేదు.

"అయ్యో, అక్కా..." ఒక్క క్షణం ఆగింది. "నీ బాధ నాకు అర్థమైందక్కా."

అక్క నవ్వింది. బాగాలేదు ఆ నవ్వు.

"ఇది నిన్ననే విన్నానే. ఫ్రిజ్ చెడిందని ఫోన్ చేస్తే ఎత్తావుగా. ఇదే అయ్యో. ఇక్కడే ఆగావు కూడా. పిచ్చిదాన్ని, నువ్వే అనుకుని మీ బావ సంగతి ఎత్తాను. మోడల్ నంబర్ అడిగావు."

"అది నేను కాదక్కా, యంత్రం."

"మరి ఇది?"

ఇంకోలా చెబుదామని చూసింది. ఎలా మొదలుపెట్టినా గొంతు అక్కడికే దిగుతోంది.

"చిన్నప్పుడు నా వస్తువు విరగ్గొట్టి, 'విరిగితే విరిగిందిలే' అనేదానివి. అదే నయం" అంది అక్క. "ఇక మాట్లాడకు. ఆ తువ్వాలు పిండు."

పిండింది.

ఇప్పుడు ఆదివారాలు వెళ్తుంది. కూరగాయలు తరుగుతుంది, బట్టలు మడతపెడుతుంది. సారీ అన్న ఆ ఒక్క మాటా ఇంకా చెప్పలేదు. ఫ్రిజ్ కారుతూనే ఉంది. మళ్ళీ ఫోన్ చేయడానికి అక్క ఒప్పుకోదు.