తెప్ప కట్టని ఏడు

మొన్న రాజమండ్రి రేవులో స్నానానికి దిగబోతే గట్టు పొడవునా టేకు దూలాలు పేర్చి ఉన్నాయి, వాటిని లాక్కొచ్చిన పొగపడవ ఇంకా బుసకొడుతూనే ఉంది. నాకు మాత్రం పొగపడవలు లేని రోజుల్లో పాపికొండల ఇరుకు దాటించి కలపను కిందికి తెచ్చిన కొండరెడ్లు గుర్తొచ్చారు.

అప్పుడు నాకు మీసాలు వచ్చీరాని వయసు. కలప కంట్రాక్టు చేసే మా మేనమామ దగ్గర గుమాస్తాగా చేరి, ఆ కొండల్లోనే ఒక కొండరెడ్ల ఊళ్లో ఉండేవాణ్ణి. నరికిన మానులను వెదురుతో కలిపి తెప్పలు కట్టి, సుడుల మధ్యనుంచి నడిపించేది ఆ ఊరివాళ్లే. ఆ ఏడు మామయ్యకు ఊరి పైనున్న తోపు కొట్టుకోవడానికి సర్కారువారి అనుమతి దొరికింది. కొండవాళ్ల దేవత ఉండేది ఆ తోపులోనే. అక్కడ పండగ చేసి తొలికాయ పెట్టనిదే ఊళ్లో ఎవరూ మామిడికాయ కొరికేవారు కాదు.

ఊరిపెద్ద వచ్చి, "అటేపు కొండంతా కొట్టుకో బాబూ, ఆ తోపు మాత్రం ముట్టుకోకు" అన్నాడు.

"సర్కారే ఇచ్చాక మధ్యలో నీ అడ్డేంటి?" అని మామయ్య కసురుకున్నాడు.

కింది ఊళ్లనుంచి కూలీలను రప్పించి కొన్ని మానులు పడగొట్టించాడు. కొండవాళ్లు చెయ్యెత్తలేదు, మాటెత్తలేదు. మర్నాటినుంచి, ఇంటింటికీ వెళ్లి బతిమాలినా, తెప్ప కట్టడానికి ఒక్కడూ రాలేదు. చుట్టుపక్కల ఊళ్లవాళ్లూ మానేశారు. కూలి లేక, సంతకు రాక, మామిడిటెంకల జావ తాగి బతికారు. మామయ్య నరసాపురంవైపునుంచి చేపలుపట్టేవాళ్లను పిలిపిస్తే, వాళ్లు ఇరుకు దగ్గర నీళ్లను ఒకసారి చూసి, "సముద్రంలోకైనా వెళ్తామండి, ఇందులోకి మాత్రం దిగమండి" అని వచ్చిన దారినే వెళ్లిపోయారు.

చివరికి మామయ్య ఫిర్యాదుమీద పోలీసులు వచ్చి ఊరిపెద్దను రాజమండ్రి జైలుకు తీసుకుపోయారు. పడవ కదిలేముందు ఆయన భార్య ఒడ్డున నిలబడి మామయ్యతో, "ఈయన్ని తీసుకుపోతే మాకు తెప్ప కట్టడం గుర్తొస్తుందా బాబూ?" అంది. ఆ వానల్లో వచ్చిన తొలి వరద ఒడ్డునున్న కలపనంతా ఊడ్చుకుపోయింది.

కలప కదలక సర్కారుకూ రాబడి పోయింది కాబోలు, వానలు తగ్గాక అడవుల దొరగారు స్వయంగా వచ్చి, తోపంతా తిరిగి చూసి, మిగిలిన చెట్లు ముట్టుకోవద్దని ఉత్తరువిచ్చారు. ఊరిపెద్దనూ వదిలేశారు. ఆయన ఎముకలగూడై, దగ్గుకుంటూ పడవ దిగి, ఇంటికైనా పోకుండా ముందు తోపుకే నడిచాడు. ఆ వెనకే వెళ్లినవాళ్లలో నేనూ ఉన్నాను. అందరూ ఏడుస్తుంటే ఆయన ఒక్కడే నవ్వాడు.

మరుసటేడు అదే దొరగారు తోపున్న కొండవాలుమీద పోడు కొట్టరాదన్నారు. దేవతకు చోటు మిగిలింది గాని, జొన్న చల్లుకోవడానికి వాళ్లకు మిగల్లేదు. కొన్ని కుటుంబాలు కొండ దిగి ఎటో వెళ్లిపోయాయి.

ఇప్పుడక్కడ ఇంటికప్పుకు ఒక వెదురు కావాలన్నా అడవి కచేరీ అరుగుమీద పడిగాపులు పడాలట. ఒకనాడు తెప్ప కట్టమని మేము వాళ్ల వాకిళ్లలో నిలబడి బతిమాలామంటే, ఈ కాలపు పిల్లలు నమ్మరు.