గడ్డికి సెలవిచ్చిన పెదనాయన

మా పెదనాయన పోయాడని పోయిన నెల గుడియాత్తం నుంచి ఫోను వచ్చింది. నేను అప్పుడు వేలూరులో బట్టల అంగట్లో పనిలో ఉన్నాను. ఫోను చేసింది మా పెద్దమ్మ. ఆమె గొంతు కన్నా ముందు గొర్రెల అరుపులు వినబడ్డాయి. "మీ పెద్నాయన పోయినాడప్పా. పొద్దున్నే పడుగుకు గంజి పెట్టి వచ్చినాడు, కాఫీ తాగినాడు, గోడకు ఆనుకున్నాడు, అంతే" అంది. బస్సులో ఏడుస్తూనే వెళ్ళాను. మధ్యలో ఒకసారి నవ్వు కూడా వచ్చింది. ఆయన్ని తలుచుకుంటే రెండూ కలిసే వస్తాయి, ఏం చేసేది.

ఆయన లుంగీలు నేసేవాడు. మగ్గం ఎక్కించే ముందు పడుగు నూలును బారుగా సాగదీసి, గంజి పెట్టి, కుంచెతో దువ్వి ఆరబెట్టాలి. దానికి పొడవాటి చోటు కావాలి. మా వీధి వెనకాల ఉన్న మేత బయలే ఆ చోటు. పొద్దున మా పడుగులు, ఆ తరువాత గొర్రెలు. మందను తోలుకొచ్చేది ఊరి బయట ఉండే ఒకావిడ. వీధంతా ఆమెను గొర్రెలక్క అనే పిలుస్తుంది. పడుగులు ఆరేదాకా ఆమెకు ఓపిక ఉన్నా గొర్రెలకు ఉండేది కాదు. గంజి వాసనకు పరుగెత్తుకొచ్చి తడి నూలును నాకేవి. పెదనాయన కుంచె పట్టుకుని వెంటబడేవాడు. మనుషుల్ని తెలుగులో, గొర్రెల్ని అరవంలో తిట్టడం ఆయన పద్ధతి. గొర్రెలక్కను మాత్రం రెండిట్లోనూ తిట్టేవాడు.

ఒకరోజు కొత్త పడుగుకు పెట్టిన గంజిలో సగం గొర్రెల కడుపులోకి పోయింది. ఆ సాయంత్రమే ఆయన వీధిలో అందరినీ కూర్చోబెట్టాడు. గంజి మాట ఎత్తనేలేదు. గడ్డి గురించి మాట్లాడాడు.

"గడ్డి కూడా ఒక ప్రాణమే కదప్పా. తలెత్తినప్పుడల్లా కొరికి, తొక్కి చంపుతా ఉంటే యాడ బతుకుతాది? కొన్నాళ్ళు దానికి సెలవిద్దాం. అప్పుడు చూడండి బయలు ఎట్ల ఉంటాదో."

చెప్పేటప్పుడు గొంతు వణికింది కూడా. గడ్డి మీద ఇంత ప్రేమ ఉన్న మనిషి మా ఇంట్లో ఉన్నాడని మాకు అప్పుడే తెలిసింది. ముళ్ళకంప నరికి బయలు చుట్టూ వేశారు. గొర్రెలక్క వచ్చి చూసి, "అయితే నీ గడ్డి నువ్వే మేసుకోన్నా" అని మందను మళ్ళించుకుని వెళ్ళిపోయింది.

తొలి వానలకు బయలు పచ్చగా లేచి ఊగింది. చుట్టాలొస్తే పెదనాయన కాఫీ కన్నా ముందు గడ్డి చూపించేవాడు. మరుసటి ఏడు అది నడుము దాకా వచ్చింది. ముదిరి, పీచు తేలి, మేసే నోరు లేక నిలువునా ఎండిపోయింది. దాని నీడలో ఎండ తగలక కింది గరిక చచ్చింది. మందలోని మేకలు ఎప్పటికప్పుడు చిదిమేసే ముళ్ళ మొక్కలు ఏపుగా పెరిగాయి. పొట్టి గడ్డిలో గుడ్లు పెట్టే తీతువు పిట్టలు లేచిపోయాయి. అపశకునమని తిట్టుకునే పిట్ట కనబడలేదని దిగులుపడ్డ వీధి మాదొక్కటే అయ్యుంటుంది. పడుగు సాగదీస్తే తడి నూలుకు గడ్డిముళ్ళు అంటుకుని పోగులు పుటుక్కుమని తెగేవి.

అందరం కొడవళ్ళతో దిగాం. కొంత కోశాక మోళ్ళు కాళ్ళలో గుచ్చుకుంటే మిగతాది వదిలేశాం. చేసేది లేక పడుగుల్ని రోడ్డు మీదికి తెచ్చాం. షేర్ ఆటో వచ్చినప్పుడల్లా మేము పడుగును తలల మీదికి ఎత్తాలి, ఆటోలో జనం తలలు వంచుకోవాలి. ఒకావిడ జడలో పూలకు గంజి పట్టించుకుని బస్టాండుకు పోయింది. నవ్వుకున్నాం గానీ, పడుగు చెడితే మగ్గం ఆగుతుంది. కొన్ని ఇళ్ళలో ఆగింది కూడా. కుర్రవాళ్ళు జోలార్పేటలో ఏదైనా పని చూసుకుందామని మాట్లాడుకోవడం మొదలుపెట్టారు. తప్పు ఎవరిదో అందరికీ తెలుసు, ఎవరూ అనలేదు. అందుకే పెదనాయనకు అన్నం దిగేది కాదు.

ఒక ఆదివారం, "రారా, ఊరికే అట్ల పోయొద్దాం" అని నన్ను మోపెడ్ ఎక్కించుకున్నాడు. ఆ ఊరికే పోవడం గొర్రెలక్క ఇంటి ముందు ఆగింది. ఎండ గురించి మాట్లాడాడు. బస్సుల గురించి మాట్లాడాడు. ఆమె ఇచ్చిన కాఫీ తాగి, ఇంకో కాఫీ అడిగి తాగాడు. చివరికి దొడ్డి వైపు చూశాడు.

"ఏమ్మా, నీ గొర్రెలు చిక్కినట్ల ఉండాయే?"

"లేదన్నా, బాగానే ఉండాయి."

"లేదులేమ్మా, చిక్కినాయి. నాకు కనబడతా ఉండాది. మా బయల్లో గడ్డి ఊరికే పోతా ఉండాది. పాపం, నోరులేని జీవాలు కదా అని చెప్తా ఉండా."

గొర్రెలక్క కొంగు నోటికి అడ్డం పెట్టుకుంది. "ఆ ముదురు గడ్డి నా గొర్రెలు ముట్టవన్నా. ముందు ఎనుముల్ని తోలించు. అవి పైన కొరికి, తొక్కి, పేడేసి పోతే కింద లేతది లేస్తాది. అప్పుడు పిలువు. గొర్రెల్ని అడిగి చెప్తా."

అలాగే చేశాం. గేదెలు దిగాయి, వాటి వెనకే కొంగలు దిగాయి. వానలకు గరిక మళ్ళీ పాకింది. ఆ తరువాత గొర్రెలొచ్చాయి. అవి కొరికిన కొద్దీ గరిక పక్కలకు పిలకలు వేసి నేలను ఇంకా గట్టిగా పట్టుకుంది. పడుగులు చుట్టేదాకా మంద కంప బయటే ఉండాలని ఒప్పందం. గొర్రెల్ని పిలిపించింది తానేనని పెదనాయన చుట్టాలందరికీ చెప్పుకున్నాడు. "నేతకు మగ్గం ఒకటే చాలదురా, గొర్రె నోరు కూడా కావాల" అనేవాడు నాతో. గొర్రెలక్కతో మాత్రం మంచి మాట ఒక్కటీ అనలేదు. మిగిలిన గంజిని మాత్రం గొర్రెలకు తానే మోసుకెళ్ళి పోసేవాడు, ఆమె చూస్తే మళ్ళీ తిట్టేవాడు.

కర్మలన్నీ అయ్యాక నేను బయల్లోకి వెళ్ళాను. మంద మేస్తోంది. అంతా పచ్చగా ఉంది, నడిమధ్య ఒక సన్నటి బోడి గీత తప్ప. మిగతావాళ్ళు పడుగు చోటు మార్చుకునేవాళ్ళు; అది పెదనాయన ఒక్కడే రోజూ కుంచె పట్టుకుని తన పడుగు పక్కన అటూ ఇటూ నడిచిన బాట.

"గొర్రెలు తొక్కి చంపుతాయని అనేటోడు గదా," అంది గొర్రెలక్క. "చూడప్పా, ఈ బయల్లో గడ్డిని చంపింది ఆయనొక్కడే." నవ్వబోయి ముక్కు చీదుకుంది.

బాట అంచుల్లో అప్పుడే పచ్చటి మొనలు కనబడుతున్నాయి. ఇంకో రెండు వానలు పడితే అదీ కమ్ముకుపోతుంది.

"అక్కా, కొన్నాళ్ళు మందను ఈ బాట మీదనే తోలుకోని పోతావా?" అన్నాను.

"మరి ఆయన పోయినాక ఇన్నాళ్ళూ యాడ తోల్తా ఉండాననుకుంటివి?" అంది.

పొద్దు వాలుతోంది. గొర్రెలు ఒకదాని వెనక ఒకటి ఆ సన్నటి గీత మీదే ఇంటికి పోతున్నాయి.