తప్పు గడిలోని మాటలు

రాష్ట్రం రావడానికి మూడేళ్ల ముందు, మాఘమాసంలో ఒక సోమవారం, పొద్దున పదకొండు గంటలకు నా చెల్లెలి కూతురిని లోపలికి పిలిచారు. ఉప్పల్‌లో ఒక పత్రికాఫీసు, రెండో అంతస్తు. ఎంపికైనవాళ్లకు వాళ్లే ఏడాదిపాటు జర్నలిజం నేర్పి ఉద్యోగం ఇస్తారు. రాత పరీక్ష గట్టెక్కింది. ఇక మిగిలింది ఇంటర్వ్యూ. ఇది పోతే పేపర్ల పిచ్చి మానేసి ఏ పని దొరికితే ఆ పనికి పోవాల్సిందేనని వాళ్ల నాయన తేల్చేశాడు.

తోడుగా వెళ్లిన నేను బయట బెంచీ మీద కూర్చున్నాను. తలుపు సరిగ్గా పడదు. లోపలి మాటలన్నీ వినిపిస్తున్నాయి, సందులోంచి కొంత కనిపిస్తోంది కూడా.

ఆ పిల్ల నాచారంలో మా ఇంట్లోనే ఉండి చదివింది. నాకు అక్షరాలు వచ్చిందే నలభై ఆరేళ్లకు, ఫ్యాక్టరీలో షిఫ్టు దిగాక పెట్టే పెద్దవాళ్ల బడిలో. అందుకే కంటికి కనిపించిందల్లా చదువుతాను. దాని పుస్తకాలూ చదివాను. జర్నలిజం పిల్లలకు ఏవి పనికొస్తాయని అడిగితే చెబుతాను. వార్త రాయడం నేర్పేది మంచిదే. పత్రికల చట్టాలది నిద్రకు మంచిది. అనువాదం పుస్తకం కొనాల్సిందే, రాత పరీక్ష దాటించింది అదే. నాలుగోది భాషది. పేజీకి రెండు గడులు, ఎడమ తప్పు, కుడి ఒప్పు. ఎడమ గడి చదివితే మా ఇంట్లో కూర్చున్నట్టే ఉంది.

"వచ్చిండు తప్పంట. గట్ల తప్పంట. జర సుత తప్పేనా?"

"తప్పే పెద్దమ్మా. కొంచెం అనాలె."

"అనాలెనా?"

"అనాలి," అని నవ్వింది.

"మీ అమ్మ నిన్ను కన్నది గూడ ఎడమ దిక్కే ఉంటది, సూడు."

కుడి గడి మొత్తం కంఠతా పట్టింది. ఇంట్లోనూ అట్లాగే మాట్లాడేది. కూరగాయలామె ఒకరోజు నన్ను పక్కకు పిలిచి, "ఆంధ్రోళ్ల పిల్లను కిరాయికి వెట్టుకున్నవా?" అని అడిగింది.

లోపల ఒకాయన, "మీ వీధిలో ఈమధ్య జరిగింది ఏదైనా చెప్పమ్మా," అన్నాడు.

"నీటి ట్యాంకర్ రాకపోవడంతో స్థానిక మహిళలు ఆగ్రహం వ్యక్తం చేశారు," అని మొదలుపెట్టింది.

"పుస్తకం అప్పజెబుతున్నావేంటి? నాచారం పిల్లవు కదా, ఇంట్లో మాట్లాడినట్టు చెప్పు."

కుర్చీ ముందుకు జరిపిన చప్పుడైంది.

"ట్యాంకర్ రాలే సార్. మూడొద్దులాయె. అందరు బిందెలు రోడ్డు మీద వెట్టి కూసున్నరు. డ్రైవర్ వచ్చి ఏంది లొల్లి అన్నడు. 'నువ్వు తానం జేసినట్టున్నవ్ బిడ్డా, మీ ఇల్లు యాడనో చెప్పు, అందరం ఆడికే వస్తం' అన్నది మా పెద్దమ్మ."

లోపల నవ్వులు. మెచ్చుకున్న నవ్వే. ఒక్క నిమిషం నేనూ పొంగిపోయాను.

"యాస భలే ఉంది," అన్నాడు రెండో ఆయన. "కానీ అచ్చుకు పనికిరాదు కదా."

"మొదట చెప్పింది పనికొస్తుందా సార్?"

"అది అందరూ రాస్తారమ్మా."

బయటికి వచ్చాక, "ఏమన్నరు బిడ్డా?" అని అడిగాను.

"చెబుతామన్నారు."

వారానికి జాబితా గోడకు అంటించారు. అందులో దాని పేరు లేదు. పోచారం దగ్గర ఒక కంపెనీలో రిసెప్షన్‌లో కూర్చుంది. అక్కడ హిందీ, ఇంగ్లీషే. రాష్ట్రం వచ్చాక ఆ ఎడమ గడి మాటలే పేపర్లలో పెద్దక్షరాల్లో వేస్తున్నారు. అది పేపర్ ముట్టదు. చూపిస్తే, "ఇప్పుడెందుకు పెద్దమ్మా," అంటుంది. నేను ఇదంతా రాస్తున్నదీ కుడి గడి మాటలతోనే. బడిలో నేర్పింది అదే, నాకు వేరే రాత రాదు.

ఆ రోజు అక్కడ ఉన్నవాళ్లు: అడిగిన ఇద్దరు పెద్దమనుషులు, వాళ్ల పక్కన కూర్చుని ఒక్క మాటా మాట్లాడక, తర్వాత మెట్ల దగ్గర ఎదురుపడి, "మాది గూడ గీ దిక్కే అక్కా," అని గబగబా దిగిపోయినామె, బెంచీ మీద పెదవులు కదుపుతూ కూర్చున్న ముగ్గురు ఆడపిల్లలు, తలుపు దగ్గర ప్యూను, నా చెల్లెలి కూతురు, నేను.